గుడిలోకి రావద్దని బెదిరిస్తున్నారు, పోలీసు రక్షణ కోరవచ్చా?

ప్రశ్న: మాది తెలంగాణలోని ఒక పల్లె. శ్రీరామనవమి నాడు మా ఎస్సీ కాలనీ యువకులు ఊరి రామాలయంలోకి వెళ్ళి దర్శనం చేసుకున్నారు. దసరాకు మళ్ళీ గుడి మెట్లెక్కితే కాళ్ళు విరగ్గొడతామని వేరే కులాలవారు కొందరు బెదిరిస్తున్నారు, మాకు సరుకులు అమ్మవద్దని కిరాణా దుకాణాలవారికి చెప్పారు. స్టేషన్‌కు వెళితే, గొడవ ఎందుకు, ఈ ఏడాదికి బయటి నుంచే దండం పెట్టుకోండి అన్నారు. రక్షణ కోరే హక్కు మాకు ఉందా?

జవాబు: ఉంది. రాజ్యాంగం 17వ అధికరణ అంటరానితనాన్ని రద్దు చేసింది. 1955 నాటి పౌరహక్కుల పరిరక్షణ చట్టం మూడో సెక్షన్ ప్రకారం, అదే మతానికి చెందిన ఇతరులకు తెరిచి ఉన్న గుడిలోకి అంటరానితనం పేరుతో ఒకరిని రానివ్వకపోవడం నేరం. గుడి మా సొంతం అని ఎవరైనా వాదించవచ్చు కానీ, సొంత గుడి అయినా యజమాని దాన్ని ప్రజల ఆరాధనకు వదిలితే ఈ చట్టం వర్తిస్తుంది. అయితే మీ హక్కు సాటి భక్తుల హక్కుతో సమానం. అర్చకులు తప్ప ఎవరూ అడుగుపెట్టని గర్భగుడి దగ్గర అందరిలాగే మీరూ ఆగాలి.

ఇంతకంటే గట్టిది 1989 నాటి ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం. 2016 జనవరి 26న అమల్లోకి వచ్చిన సవరణ ప్రకారం గుడి ప్రవేశాన్ని అడ్డుకోవడం ఒక నేరం, సామాజిక, ఆర్థిక బహిష్కరణ విధించడం లేదా విధిస్తామని బెదిరించడం మరొక నేరం. శిక్ష 6 నెలల నుంచి 5 ఏళ్ళ వరకు జైలు, జరిమానా. అందువల్ల సరుకులు అమ్మవద్దన్న మాటను ఫిర్యాదులో తప్పకుండా విడిగా రాయండి. చాలామంది దాన్ని చిన్న విషయంగా భావించి వదిలేస్తారు.

స్టేషన్‌లో మీకు చెప్పిన సలహా చట్టానికి ఎదురుగా ఉంది. సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 168వ సెక్షన్ కింద, వారెంటు లేకుండా అరెస్టు చేయదగ్గ (కాగ్నిజబుల్) నేరం జరగకుండా ముందే ఆపడం పోలీసు అధికారి విధి. శాంతికి భంగం కలిగించేది బెదిరించేవారు గనుక, 126వ సెక్షన్ కింద ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ ముందు బైండోవర్ చేయవలసింది (శాంతిగా ఉంటామని బాండు రాయించవలసింది) వారినే. బాధితులను దూరంగా ఉండమనడం, అది కుదరకపోతే గుడికి తాళం వేయడం మన దేశంలో తేలికగా అలవాటైపోయింది. తమిళనాడు విల్లుపురం జిల్లా మేల్పాదిలో ద్రౌపది అమ్మన్ గుడికి 2023 జూన్‌లో అధికారులు సీలు వేశారు. దళితులు పోలీసు బందోబస్తు మధ్య లోపలికి వెళ్ళగలిగింది 2025 ఏప్రిల్‌లో. ఆ రెండేళ్ళ నష్టం బెదిరించినవారిది కాదు. అలాంటి సర్దుబాటుకు మీరు సంతకం పెట్టకండి.

ఇప్పుడు లిఖితపూర్వకంగా రెండు అర్జీలు ఇవ్వండి. మొదటిది స్టేషన్‌లో ఇచ్చే ఫిర్యాదు. ఎవరు, ఎప్పుడు, ఎక్కడ, ఏ మాటలతో బెదిరించారో, ఎవరు విన్నారో రాసి, రసీదు తీసుకోండి. అత్యాచారాల నిరోధక చట్టం కింద ఎఫ్‌ఐఆర్ నమోదుకు ప్రాథమిక విచారణ అవసరం లేదని 18ఏ సెక్షన్ స్పష్టంగా చెబుతోంది. నమోదు చేయకపోతే అదే ఫిర్యాదును రిజిస్టర్డ్ పోస్టులో ఎస్పీకి పంపండి, అప్పటికీ కదలిక లేకపోతే ప్రత్యేక కోర్టును ఆశ్రయించవచ్చు. రెండో అర్జీ కలెక్టర్‌కు, ఎస్పీకి. దసరా తేదీలు, మీరు దర్శనానికి వెళ్ళే సమయం పేర్కొని బందోబస్తు కోరండి. సోమవారం ప్రజావాణిలో ఇస్తే నమోదు సంఖ్య దొరుకుతుంది. కేసు నమోదయ్యాక మీకూ సాక్షులకూ రక్షణ కల్పించే బాధ్యత అదే చట్టం 15ఏ సెక్షన్ కింద ప్రభుత్వానిదే.

బెదిరింపుల ఆడియో, వీడియో ఉంటే అసలు ఫోన్‌లోంచి తొలగించకండి. కోర్టులో ఆ ఫోనే ముఖ్యం. పోలీసులు రాకముందే గుంపుగా బలప్రయోగంతో లోపలికి వెళ్ళవద్దు, ఎదుటివారు కౌంటరు కేసు పెట్టడానికి అదే చాలు.

అర్జీలు ఇచ్చినా పండుగ దగ్గరపడేసరికి బందోబస్తు ఖరారు కాకపోతే, ఆ రసీదులు జతచేసి 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్ వేయండి; రసీదు లేకుండా వేస్తే, ముందు అధికారులను కోరి రమ్మని పంపేసే అవకాశం ఉంది. ఎస్సీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయవాదిని జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఇస్తుంది, న్యాయ సేవల హెల్ప్‌లైన్ 15100. ఎస్సీ, ఎస్టీలపై దౌర్జన్యాల ఫిర్యాదులకు జాతీయ హెల్ప్‌లైన్ 14566, తక్షణ ప్రమాదం ఉంటే 112.