అడవికి వెళ్తున్న మేనకోడలికి

చిన్నీ,

నిన్న రాత్రి మీ నాన్న ఫోన్ చేశాడు. ఉద్యోగానికి ఏడాది సెలవు పెట్టి, మొక్కల బొమ్మలు గీయడానికి నల్లమల వెళ్తున్నావట. ఫోన్ పెట్టేశాక తెల్లారేదాకా నిద్ర పట్టలేదు. సగం టెన్షన్, సగం సంతోషం. మన ఇంట్లో నా తర్వాత బ్రష్ పట్టింది నువ్వే కదా.

అటవీ శాఖ పర్మిషన్ కాగితాలు జిరాక్స్ తీసి పెట్టుకో. ఒక్కదానివే లోపలికి వెళ్ళకు. దోమతెర తప్పకుండా పట్టుకెళ్ళు.

దోమతెర మాట ఊరికే అనలేదే. చిన్నప్పుడు నీకు మరియా సిబిల్లా మేరియన్ కథ చెప్పేదాన్ని, గుర్తుందా? 1647లో ఫ్రాంక్‌ఫర్ట్‌లో పుట్టి, పదమూడేళ్ళకే పట్టుపురుగులు పెంచిన పిల్ల. తర్వాత మొగుణ్ణి వదిలేసింది, ఇద్దరు కూతుళ్ళతో ఆమ్‌స్టర్‌డామ్‌లో నిలదొక్కుకుంది. 1699లో, 52 ఏళ్ళ వయసులో, తన బొమ్మలు అమ్మిన డబ్బుతో చిన్న కూతుర్ని వెంటబెట్టుకుని దక్షిణ అమెరికాలోని సురినామ్‌కు ఓడ ఎక్కింది. అంత మొండి మనిషి కూడా జబ్బుపడి రెండేళ్ళకే, 1701లో, వెనక్కి వచ్చేసింది. అది మలేరియానే అంటారు. చలిజ్వరం అంటే ఏమిటో నాకు తెలుసు. నీకు తెలియకూడదు.

అంత దూరం ఎందుకు వెళ్ళిందో అది కూడా విను. ఆమ్‌స్టర్‌డామ్ ధనవంతుల ఇళ్ళలో విదేశీ సీతాకోకచిలుకలు బోలెడు ఉండేవి, అన్నీ చచ్చినవే. ఏ పురుగు ఏ ఆకు తిని అలా అయిందో చెప్పేవాళ్ళు లేరు. ఆవిడకు అది కావాలి. అందుకే మొక్కను గీసి, దాని మీదే గుడ్డు, గొంగళి, ప్యూపా (గొంగళి రెక్కల పురుగుగా మారే మధ్య దశ), రెక్కల పురుగు అన్నీ పెట్టింది. 1705లో సొంత ఖర్చుతో 60 బొమ్మల పుస్తకం అచ్చువేసింది.

మన పెరట్లో రత్నగంధి ఉండేదే, అదీ ఆ పుస్తకంలో ఉంది. పిల్లలు తమలా బానిసలు కాకూడదని, అక్కడి బానిస స్త్రీలు దాని గింజలతో గర్భం పోగొట్టుకునేవారట. ఆ మాట వాళ్ళే తనతో చెప్పారని రాసింది. నువ్వూ చెంచు ఆడవాళ్ళ పక్కన కూర్చో. నోట్‌బుక్ తర్వాత తియ్యి, ముందు విను.

ఇప్పుడు నా తప్పు చెప్తాను. మీ నాన్నకు కూడా తెలియదు.

అప్పుడు నాకు 29 ఏళ్ళు. ఒక మొక్కల పుస్తకానికి బొమ్మలు గీస్తున్నాను. జులై వానల్లో ఒక కంచె మీద అడవినాభి కనిపించింది. ఆకు కొన నులితీగలా చుట్టుకుని కంచెను పట్టుకుంది. రేకులు వెనక్కి విరుచుకుని మంటలా ఉన్నాయి. బస్సుకు టైమైపోతోంది. పెన్సిల్ తియ్యలేదు. తీగ కోసి సంచిలో పెట్టుకుని పరిగెత్తాను. తెల్లారి చూస్తే పువ్వు వాడి ముద్దయిపోయింది. గుర్తున్నంత వరకు గీసేశాను. రంగులు బ్రహ్మాండంగా కుదిరాయి, మా అమ్మ చూసి మురిసిపోయింది కూడా.

పుస్తకం చూసే పెద్దాయన బొమ్మ మీద వేలు పెట్టి, "కీలం నిటారుగా ఉందేమ్మా?" అన్నారు. కీలం అంటే పువ్వు మధ్యలో అండాశయం మీంచి వచ్చే సన్నటి కాడ. అడవినాభిలో అది మొదట్లోనే పక్కకు, దాదాపు లంబకోణంలో వంగిపోతుంది. నేను మామూలు పువ్వులా మధ్యలో నిలబెట్టేశాను. చూడనిదాన్ని చూసినట్టు గీశాను. ఆయన ఇంకేమీ అనలేదు. తిట్టినా బాగుండేది. మరుసటి జులైలో ఆ కంచె దగ్గరికి వెళ్తే రోడ్డు కోసం మొత్తం కొట్టేశారు. ఆ పేజీ లేకుండానే పుస్తకం వచ్చింది.

మేరియన్ కూడా ఒకచోట ఇలాగే జారింది. లాంతరు పురుగు రాత్రి వెలుగుతుందని రాసింది. అది వెలగదు. అంత చూపున్న మనిషికే అలా అయితే మనమెంత?

కాబట్టి కొయ్యకు. మొక్క దగ్గరే కూర్చో, బస్సు పోతే పోనీ. ముందు కీలం, కేసరాలు, ఆకుల అమరిక పెన్సిల్‌తో గీసుకో. ఒక రేకు పక్కన రంగు కలిపి, తేదీ, టైమ్ వెయ్యి. అడవినాభి రేకు మొదట పసుపుపచ్చగా ఉండి ఎరుపుకు తిరుగుతుంది, ఇవాళ చూసిన రంగు కొన్ని రోజులకు ఉండదు.

నా భూతద్దం రేపటి బస్సు పార్సిల్‌లో పంపుతున్నాను. పిడి కాస్త వదులైంది, దారం చుట్టాను. చేరగానే ఫోన్ చెయ్యి. దోమతెర కట్టిన మంచం ఫోటో తీసి పంపు, అప్పటిదాకా నేను పడుకోను.

మీ అత్తయ్య