తప్పు రాస్తే పేజీ చింపేసి ఏడ్చే పాపకు ఎలా నేర్పాలి?

ఐదేళ్ల మీ పాప ఒక్క అక్షరం వంకర పోయినా పేజీ చింపేసి ఏడుస్తోందని, ఎలా ఓదార్చాలో తెలియడం లేదని రాశారు. నేను ఒకటో తరగతి టీచర్ని. ఇలాంటి పిల్లలు ప్రతి ఏడూ నా క్లాసులో ఉంటారు. అది మొండితనం కాదండి. చెయ్యి ఇంకా కుదురుకోలేదు, కన్ను మాత్రం పుస్తకంలోని అచ్చు అక్షరంతో పోల్చేసుకుంటుంది. పైగా కోపాన్ని అదుపు చేసే మెదడు ముందుభాగం పూర్తిగా ఎదిగేసరికి ఇరవై ఏళ్లు దాటుతాయి. ఐదేళ్లకే నిగ్రహం ఎక్కణ్నుంచి వస్తుంది?

అందుకని ఏడుస్తున్నంతసేపూ ఏమీ నేర్పకండి. "ఇంతమాత్రానికే ఏడుస్తారా" అనొద్దు. పక్కన కూర్చుని "అనుకున్నట్టు రాలేదని కోపం వచ్చింది కదమ్మా" అంటే చాలు. కాసిని మంచినీళ్లు తాగించండి.

తర్వాత రబ్బరు దాచేయండి. నా క్లాసులో ఒక బాబు 'ఇ' రాసేవాడు, చెరిపేవాడు, మళ్లీ రాసేవాడు. కాగితం పలచబడి చిల్లు పడగానే ఏడుపు. వాడికి పలక, బలపం ఇచ్చి ఒక వరుస నిండా 'ఇ'లు రాయమన్నాను, మధ్యలో చెరపకూడదన్నాను. రాశాక "వీటిలో నీకు ఏది నచ్చింది?" అని అడిగాను. చాలాసేపు చూసి ఒకదాని చుట్టూ సున్నా చుట్టాడు. "మరి పక్కదానికీ దీనికీ తేడా ఏంటి?" అంటే, కింది మెలిక దగ్గర వేలు పెట్టి తనే చూపించాడు. నేను తప్పు అనే మాటే ఎత్తలేదు.

మెచ్చుకునేటప్పుడు కూడా "నువ్వు చాలా తెలివైనదానివి" అనకండి. 1998లో మ్యూలర్, డ్వెక్ అనే పరిశోధకులు అమెరికాలో ఐదో తరగతి పిల్లలను గమనించారు. తెలివిని పొగిడించుకున్నవాళ్లు కష్టమైన పజిల్స్‌లో ఓడిపోగానే డీలాపడ్డారు. కష్టపడ్డారని మెచ్చుకున్నవాళ్లు పట్టు వదల్లేదు. వాళ్లు మీ పాపకన్నా పెద్దవాళ్లే, కానీ చిన్నపిల్లల్లోనూ నేను చూస్తున్నది అదే. "మెలిక ఈసారి నిదానంగా తిప్పావు" అని చేసిన పనినే చెప్పండి.

పక్కింటి పిల్లతో పోల్చే మాట ఇంట్లో పెద్దవాళ్లెవరి నోటా రాకుండా చూసుకోండి. ఇదొక్కటే నేను గట్టిగా చెప్పేది.

ఏడుపు నెలల తరబడి తగ్గకపోయినా, తనను తాను కొట్టుకుంటున్నా పిల్లల డాక్టరుకు చూపించండి. ఎందుకైనా మంచిది, కళ్లు కూడా పరీక్ష చేయించండి. బోర్డు సరిగ్గా కనపడక తప్పులు రాసే పిల్లలూ ఉంటారు.