అక్షరం మారితే ఏ చిప్పును అనుమానించాలి?

ప్రశ్న: మా మామయ్య ఒకప్పుడు గుంటూరులో నడిపిన వీడియో గేముల దుకాణంలోని ప్యాక్‌మ్యాన్ ఆట సర్క్యూట్ బోర్డును దాచుకున్నాను. కరెంటు ఇవ్వగానే కొంతసేపు గజిబిజి కనిపించి, తరువాత తెరంతా ‘బీ’ అక్షరాలతో నిండి, మధ్యలో ఒకచోట ‘బీ సీ ఎఫ్’ అని వస్తోంది. ఆట మొదలుకాదు. కంప్యూటర్‌లో ఎమ్యులేటర్ (పాత యంత్రాన్ని అనుకరించే ప్రోగ్రామ్) మీద అదే ఆట చక్కగా నడుస్తోంది. దాని సాయంతో పాడైన చిప్పును పట్టుకోగలమా?
– ఒక పాఠకుడు, బ్రాడీపేట, గుంటూరు

జవాబు: పట్టుకోవచ్చు. 1980లో వచ్చిన ఈ ఆట, మొదలయ్యే ముందు తన మెమరీని తానే పరీక్షించుకుంటుంది. తొలి గజిబిజి ఆ పరీక్షే. మంచి బోర్డులోనూ వస్తుంది కనుక దానికి కంగారు పడనక్కరలేదు.

అసలు ఆధారం అక్షరాల్లో ఉంది. ఈ ఆటలో ఖాళీ గడి సంఖ్య 64, ఏ 65, బీ 66, సీ 67, డీ 68, ఎఫ్ 70. మీ తెర మీద ఖాళీ బీ అయింది, ఏ సీ అయింది, డీ ఎఫ్ అయింది. ప్రతి సంఖ్యకూ 2 కలిసింది. బీ మాత్రం మారలేదు, ఎందుకంటే 66 అంటే 64కు ఆ 2 ముందే కలిసిన సంఖ్య. అంటే మీరు చూస్తున్నది నిజానికి మెమరీ పరీక్ష తప్పినప్పుడు ఆట చూపే ‘బ్యాడ్’ (బీ ఏ డీ) అనే మాట!

ఏ గడిలో ఏ అక్షరమో దాచే తెర మెమరీలో ఒక్కో సంఖ్యకు ఎనిమిది బిట్లు (0 లేదా 1 అంకెలు) ఉంటాయి, వాటిని 2114 రకం మెమరీ చిప్పులు రెండు చెరి నాలుగు పంచుకుంటాయి. 2 విలువ గల బిట్ కింది నాలుగింటిలోది కనుక, కింది నాలుగు బిట్ల చిప్పును అనుమానించండి. అక్షరాల బొమ్మలుండే రోమ్ (మార్చలేని మెమరీ చిప్పు) వైపు లోపమున్నా తెర ఇలాగే కనిపించవచ్చు గాని, ప్రాసెసర్‌కు ఆ రోమ్‌ను చదివే వీలు లేదు కనుక పరీక్ష తప్పేది కాదు.

ఎమ్యులేటర్ చిప్పు పేరు చెప్పదు, బాగున్న బోర్డు ఎలా ఉండాలో చూపిస్తుంది. 1997లో మొదలైన మేమ్ అనే ఎమ్యులేటర్‌ను డీబగ్గర్‌తో (మెమరీని చూసి మార్చే సాధనంతో) తెరిచి, హెక్స్ (పదహారు అంకెల లెక్క) 4000 నుంచి మొదలయ్యే తెర మెమరీలో ఏదైనా ఒక 40ని (అంటే మన 64ను) 42గా (అంటే 66గా) మార్చండి. ఆ గడిలో బీ ప్రత్యక్షమవుతుంది.

ఇక బోర్డు సంగతి. 5 వోల్టులను సప్లై దగ్గర కాక, ఆ చిప్పు 18వ, 9వ కాళ్ల మధ్యే కొలవండి, 4.75కు తగ్గితే ముందు దాన్ని సరిచేయాలి. మన కోస్తా ఉక్కకు కాళ్లు నల్లబడతాయి, తుడవండి. చిప్పులు సాకెట్లలో ఉంటే అనుమానిత చిప్పును, గడుల రంగులను దాచే మెమరీలోని 2114తో మార్చి చూడండి. అక్షరాలు బాగుపడి రంగులు చెడితే దోషి దొరికినట్టే. సోల్డర్ చేసి ఉంటే మాత్రం చిప్పును మొత్తంగా పీకవద్దు, రాగి గీతలు లేచిపోతాయి. కాళ్లను మొదళ్ల దగ్గర కత్తిరించి, ఒక్కొక్కటే వేడిచేసి తీసి, ఆ చోట 18 కాళ్ల సాకెట్ అతికించి, కొత్త చిప్పును అందులో పెట్టండి.