మొజార్ట్ తర్వాత ఎవరిని వినాలి? నా జవాబు చిమరోజా

మొజార్ట్ హాస్య ఒపెరాలు రెండు విన్నాను, బాగా నచ్చాయి, ఆ కాలంలోనే అలాంటివి రాసినవాళ్లు ఇంకెవరున్నారు, ఇటాలియన్ రాని మనకి ఎక్కుతాయా అని అడిగారు. నేనైతే ఒక్క పేరే చెప్తాను: ఇటలీ సంగీతకర్త డొమెనికో చిమరోజా. మొదలుపెట్టాల్సింది ఆయన ఒపెరా, అంటే పాటలతో నడిచే నాటకం, 'ఇల్ మాత్రిమోనియో సెగ్రెతో' ('రహస్య వివాహం'). ఎక్కుతుందా అంటే, నాకు ఎంతలా ఎక్కిందో చెప్తాను.

నేను ఇటలీలోని నేపుల్స్‌లో రెండేళ్లు చదువుకున్నాను. గది వొమెరో కొండ మీద. కింద నుంచి కొండ మీదికి తాడుతో లాగే రైలు ఉంటుంది, ఫ్యునికొలారె అంటారు. కియాయా లైన్‌లో పైన ఆఖరి స్టేషన్ పేరు చిమరోజా. బయటికొస్తే వీధి పేరూ అదే. రోజూ ఆ బోర్డు కింద దిగుతూ, ఎవరో పాత రాజకీయ నాయకుడై ఉంటాడులే అనుకునేదాన్ని. ఒకరోజు మా ఇంటావిడ చెప్పింది: ఆయన సంగీతకారుడు, ఇక్కడికి దగ్గర్లోని అవెర్సాలో పుట్టిన తాపీమేస్త్రి కొడుకు అని. ఆ 'తాపీమేస్త్రి కొడుకు' అన్న మాట నాకు పట్టుకుంది. మా తాతగారిదీ అదే పని.

కొన్ని వారాలకి సంగీత విద్యార్థులు ఒక చిన్న హాల్లో 'రహస్య వివాహం' వేస్తున్నారని తెలిసి వెళ్లాను. నాకు అప్పటికి వచ్చిన ఇటాలియన్ కూరగాయలు కొనడానికి సరిపోయేంత. కథ మాత్రం ముందు చదువుకుని వెళ్లాను.

బొలోన్యాలో జెరోనిమో అని డబ్బున్న వ్యాపారి. చెవుడు. పెద్దకూతురు ఎలిసెత్తా, చిన్నకూతురు కరోలీనా. భర్త పోయిన తోబుట్టువు ఫిదాల్మా కూడా ఆ ఇంట్లోనే ఉంటుంది. వ్యాపారి దగ్గర గుమస్తా పావొలీనో. ఇతనూ కరోలీనా రెండు నెలల కిందటే ఎవరికీ చెప్పకుండా పెళ్లి చేసుకున్నారు. పెద్దమ్మాయికి ఒక కౌంట్ (పెద్ద బిరుదున్న ప్రభువు) సంబంధం కుదిర్చి పెడితే మామగారు ఆ సంతోషంలో తమని క్షమిస్తాడని పావొలీనో ఆశ. తీరా పెళ్లిచూపులకి వచ్చిన కౌంట్‌కి చిన్నమ్మాయి నచ్చుతుంది. ఒప్పుకున్న కట్నం లక్ష స్కూడీలు (అప్పటి ఇటలీ నాణేలు). చిన్నమ్మాయినిస్తే యాభై వేలు చాలంటాడు. అంతవరకూ మాట తప్పుతావా అని మండిపడుతున్న జెరోనిమో, సగం కట్నం మిగులుతుందనేసరికి చల్లబడిపోతాడు. మగగొంతులు రెండూ ఒకదాని మీదికి ఒకటి పోతూ పోట్లాడుకుని, డబ్బు మాట రాగానే మెత్తబడే ఆ యుగళం వింటే భాష రాకపోయినా బేరం ఎక్కడ కుదిరిందో తెలిసిపోతుంది. కట్నం బేరాలు ముందుగదిలో జరుగుతుంటే వంటింట్లోంచి వింటూ పెరిగినవాళ్లకి దానికి అనువాదం అక్కర్లేదు.

నాకు ఇంకో కారణం కూడా ఉంది. ఇటలీ వెళ్లకముందే నేనూ మా ఆయనా హైదరాబాద్‌లో రిజిస్టర్ మ్యారేజ్ చేసుకున్నాం. ముగ్గురు స్నేహితులు సాక్షి సంతకాలు పెట్టారు. ఇంట్లో చెప్పలేదు. రోజూ రాత్రి అమ్మ ఫోన్ చేసి ఫలానా వాళ్లబ్బాయి ఉన్నాడు, ఫోటో పంపమంటావా అంటే, తర్వాత చూద్దాంలే అని మాట దాటేసేదాన్ని. ఆ టెన్షన్‌తో ఏడు నెలలు సరిగా నిద్రపోలేదు.

అందుకే రెండో అంకంలో పావొలీనో పాడే 'ప్రియా కె స్పుంతి' దగ్గర నాకు కళ్లనీళ్లు ఆగలేదు. ముందు క్లారినెట్ ఒక్కటే నెమ్మదిగా పలుకుతుంది. తర్వాత గొంతు వస్తుంది. తెల్లవారకముందే, చప్పుడు చేయకుండా, మెల్లగా మెట్లు దిగి తోట తలుపులోంచి వెళ్లిపోదాం, బండి సిద్ధంగా ఉంటుంది, దయగల ముసలి బంధువు ఒకావిడ ఇంటికి పోదాం అంటాడు. అందులో వీరత్వం ఏమీ లేదు. భయపడుతున్న భార్యకి ధైర్యం చెప్తున్న ఒక మామూలు గుమస్తా. 'కేతి కేతి' (నిశ్శబ్దంగా, నిశ్శబ్దంగా) అనే చోట సంగీతం కూడా మునివేళ్ల మీద నడుస్తుంది. చిమరోజా గొప్పతనం నాకు అక్కడ తెలిసింది. నవ్వించే ఒపెరా మధ్యలో ఒక మామూలు మనిషి పడే భయాన్ని అంత మర్యాదగా చూపించాడు.

ఆ తర్వాతి నెలలో ఇంట్లో చెప్పేశాను. నాన్న పదిహేను రోజులు మాట్లాడలేదు. తర్వాత మాట్లాడారు.

ఇక చిమరోజా జీవితం. 1749 డిసెంబర్ 17న పుట్టాడు. కుటుంబం నేపుల్స్ చేరింది. తండ్రి కపోదిమోంతె రాజభవనం కట్టే పనిలో ఉండగా పైనుంచి పడి చనిపోయాడు. తల్లి ఒక మఠంలో బట్టలు ఉతికేది. అక్కడి సన్యాసులు పిల్లాణ్ణి చేరదీసి అక్షరాలూ సంగీతమూ నేర్పి, 1761లో సాంత మరియా ది లొరేతో కన్సర్వేటరీలో చేర్పించారు. కన్సర్వేటరీ అంటే ఇప్పుడు మనకి పెద్ద సంగీత కళాశాల గుర్తొస్తుంది కానీ, నేపుల్స్‌లో అవి మొదట అనాథ పిల్లల్ని కాపాడే ఆశ్రమాలు. ఆ పేరుకి అర్థమే అది. పిల్లలకి కింది స్వరాల వరస ఒక్కటే ఇచ్చి, పైన సంగీతం అప్పటికప్పుడు అల్లమనేవాళ్లు. మనకి సరళీస్వరాలు ఎలాగో వాళ్లకి అది అలాగ. చిమరోజా దాదాపు పదకొండేళ్లు అందులోనే పెరిగాడు. ఆ చేయి తిరిగిన వేగంతోనే తర్వాత అరవైకి పైగా ఒపెరాలు రాయగలిగాడని నా నమ్మకం.

మొదటి ఒపెరా 1772లో నేపుల్స్‌లో. 1778 డిసెంబర్ చివర్లో రోమ్‌లో వేసిన 'లితాలియానా ఇన్ లోంద్రా' ('లండన్‌లో ఇటాలియన్ అమ్మాయి')తో పేరు బయటికి పాకింది. అప్పట్లో రోమ్‌లో ఆడవాళ్లు రంగస్థలం ఎక్కకూడదు కాబట్టి స్త్రీ పాత్రలు కూడా మగవాళ్లే పాడారు. ఆస్ట్రియా సంగీతకర్త హైడన్ తను పనిచేసే ఎస్టర్‌హాజా రాజభవనంలో చిమరోజా ఒపెరాలు వరసగా వేయించాడు. 1787లో చిమరోజా రష్యా మహారాణి రెండో కేథరిన్ ఆస్థానానికి పీటర్స్‌బర్గ్ వెళ్లాడు, 1791లో తిరిగి బయల్దేరాడు. దారిలో వియన్నాలో చక్రవర్తి రెండో లియోపోల్డ్ ఆదరించాడు. అక్కడే 1792 ఫిబ్రవరి 7న, బుర్గ్‌థియేటర్‌లో 'రహస్య వివాహం' మొదటిసారి వేశారు. మాటలు బెర్తాతి అనే రచయితవి, మూలం 1766 నాటి ఒక ఇంగ్లిష్ నాటకం. చక్రవర్తికి ఎంత నచ్చిందంటే, అందరికీ భోజనాలు పెట్టించి అదే రాత్రి మొత్తం మళ్లీ వేయించాడని చెబుతారు. మొజార్ట్ చనిపోయి అప్పటికి రెండు నెలలే.

ఇద్దర్నీ పోల్చి చిమరోజాని చిన్నబుచ్చడం చాలామందికి అలవాటు. మొజార్ట్ లోతు వేరు, ఒప్పుకుంటాను. కానీ 1789లో చిమరోజా ఒపెరా ఒకటి వియన్నాలో వేస్తున్నప్పుడు అందులో చేర్చడానికి మొజార్టే ఒక పాట కట్టి ఇచ్చాడు. వాళ్లు ఒకే అంగట్లో సరుకు అమ్ముకున్నవాళ్లు, ఒకరి సంగతి ఒకరికి తెలుసు.

చివరి రోజులు తలుచుకుంటే మనసు బరువెక్కుతుంది. 1799లో నేపుల్స్‌లో రాజుని తరిమి గణతంత్రం వచ్చింది. చిమరోజా దానికోసం ఒక దేశభక్తి గీతానికి బాణీ కట్టాడు. కొన్ని నెలల్లోనే రాజు తిరిగొచ్చాడు. రాజుని పొగుడుతూ ఒక రచన చేసి ఇచ్చినా లాభం లేకపోయింది, జైల్లో వేశారు. దాదాపు నాలుగు నెలల తర్వాత విడిచిపెట్టారు. సొంత ఊళ్లో ఉండలేక వెనిస్ చేరి, 'ఆర్తెమీజియా' అనే ఒపెరా రాస్తూ, అది పూర్తవకుండానే 1801 జనవరి 11న పోయాడు. వయసు 51. రాణి విషం పెట్టించిందని పుకారు లేచింది, జబ్బుతోనే పోయాడని వైద్యుడు ప్రకటన ఇవ్వాల్సి వచ్చింది. జైలు చేసిన నష్టం మాత్రం విషం కన్నా తక్కువేమీ కాదని నాకనిపిస్తుంది.

వినడానికి: 'రహస్య వివాహం' మొత్తం ఒకేసారి వద్దు. మొదట ఓవర్చర్ (తెర లేవకముందు వాయించే సంగీతం) వినండి, ఆర్కెస్ట్రా అంతా కలిసి వాయించే మూడు నిండు మోతలతో తలుపు తట్టినట్టు మొదలవుతుంది. తర్వాత మొదటి అంకంలో ఆడవాళ్ల త్రయం, కౌంటెస్ కాబోతున్న అక్కకి చెల్లెలు వెక్కిరింతగా వంగి దణ్ణం పెట్టేది. ఆ తర్వాత పైన చెప్పిన పావొలీనో పాట. బారెన్‌బోయిమ్ నిర్వహణలో ఫిషర్-డీస్కావ్ జెరోనిమోగా, ఆర్లీన్ ఓజే కరోలీనాగా పాడిన పాత రికార్డింగ్ బాగుంటుంది. ఇది నచ్చితే 'ఇల్ మాయెస్త్రో ది కపెల్లా' వినండి. ఇరవై నిమిషాలే, ఒకే ఒక్క గాయకుడు, మాట వినని ఆర్కెస్ట్రాకి రిహార్సల్ చేయించబోతాడు. వయొలిన్లు ఎలా వాయించాలో, బేస్‌లు ఎలా వాయించాలో నోటితో పాడి చూపిస్తాడు. మా ఆయనకి ఒపెరా అంటే పడదు, ఇదొక్కటి మాత్రం తనే అడిగి పెట్టించుకుంటాడు.