కాలేజీ పిల్లల ఆటకి అమెరికాలో యాభై వేల మంది ఎందుకు వెళ్తారు?

ప్రశ్న అడిగినవారు కింద ఇంకో మాట కూడా చేర్చారు: "అమెరికన్ ఫుట్‌బాల్ మనకి ఒక్క ముక్క అర్థం కాదు, దానికి టికెట్ కొనడం దండగ కాదా?" అని. దండగ కాదు. వెళ్లి చూసొచ్చి చెప్తున్నాను.

2024లో దసరా వెళ్లాక నేనూ మా ఆవిడా ఇండియానాపోలిస్‌లో ఉన్న అమ్మాయి దగ్గరికి వెళ్లాం. అల్లుడు ఎం.ఎస్. చేసింది బ్లూమింగ్టన్‌లో, ఇండియానా యూనివర్సిటీలో. "మామయ్యగారూ, ముప్ఫై ఏళ్లు పీఈటీగా చేశారు, ఇది మీరు చూడాల్సిందే" అని నవంబర్ 9న మిషిగన్‌తో మ్యాచ్‌కి తీసుకెళ్లాడు. మిషిగన్ అంటే అంతకు ముందు ఏడాది జాతీయ ఛాంపియన్. ఇండియానా అంటే అదే ఏడాది పన్నెండు మ్యాచ్‌లాడి తొమ్మిది ఓడిన జట్టు. ఈసారి మాత్రం తొమ్మిదికి తొమ్మిదీ గెలిచి కూర్చుంది.

మొదటి అరగంట నాకూ ఏమీ తెలియలేదు. ఆ తర్వాత పట్టుకున్నాను. నాలుగు ప్రయత్నాల్లో పది గజాలు ముందుకు జరగాలి, జరిగితే మళ్లీ నాలుగు. కబడ్డీలో కూతకు వెళ్లినవాడు పది చేతుల్లో ఇరుక్కుని, వేలి కొస గీతకి తగిలించాలని ఒళ్లంతా సాగదీస్తాడు చూడండి, ఇదీ అదే. కబడ్డీ ఆడినవాడికి ఈ ఆట నేర్పక్కర్లేదు.

సగం ఆటకి ఇండియానా 17-3తో ముందుంది. రెండో సగంలో మనవాళ్లకి బంతి కదల్లేదు. (మనవాళ్లు అనేశాను, అప్పటికే అలా అయిపోయింది.) మిషిగన్ మెల్లగా ఎగబాకి టచ్‌డౌన్ చేసి (అంటే బంతిని చివరి గీత దాటించి) 17-15కి వచ్చింది. టచ్‌డౌన్ తర్వాత బంతిని తంతే ఒక పాయింట్, మళ్లీ గీత దాటిస్తే రెండు. వాళ్లు రెండుకి సిద్ధమయ్యారు. వస్తే సమానం.

నా పక్క సీటులో ఒక పెద్దాయన ఉన్నారు. 1967 సీజన్లో ఇండియానా రోజ్ బౌల్‌కి, అంటే కొత్త సంవత్సరం రోజున కాలిఫోర్నియాలో జరిగే పేరున్న మ్యాచ్‌కి, వెళ్లినప్పుడు ఆయన అక్కడే విద్యార్థి అట. మేం ఆట చూసిన ఆ రోజు వరకూ ఆ జట్టుకి మళ్లీ రోజ్ బౌల్ మ్యాచ్ ఆడే అవకాశం రాలేదు. ఆ క్షణంలో ఆయన మైదానానికి వీపు తిప్పేసి, నా మొహం చూస్తూ నిలబడ్డారు. ఏం జరిగిందో నేను చెప్పాలి! స్టేడియం ఒక్కసారి అరిచింది. నాకు ఆ ఆట మాటలు ఇంగ్లీషులో రావు. రెండు చేతులూ అడ్డంగా ఊపాను. రాలేదు, పాయింట్లు రాలేదు అని. ఆయన నా భుజం పట్టుకుని కూర్చుండిపోయారు. ఆ తర్వాత ఇండియానా ఒక ఫీల్డ్ గోల్ (బంతిని తన్ని స్తంభాల మధ్య నుంచి పంపితే మూడు పాయింట్లు) కొట్టి 20-15తో గెలిచింది. ఆ విశ్వవిద్యాలయం పంతొమ్మిదో శతాబ్దం నుంచి ఫుట్‌బాల్ ఆడుతోంది. ఒక సీజన్లో పది విజయాలు రావడం అదే మొదటిసారి. చరిత్రలో ఏడు వందలకు పైగా ఓటములున్న జట్టు అది.

దీనికి కారణం ఒకే ఒక్కటి, కోచ్. కర్ట్ సిగ్నెటీ. జేమ్స్ మాడిసన్ అనే చిన్న జట్టు నుంచి వచ్చాడు. వస్తూ అక్కడి తన ఆటగాళ్లని పదిమందికి పైగా వెంటబెట్టుకొచ్చాడు. సీజన్ మొదలవక ముందు విలేకరులు ఇండియానా ఆడే పద్దెనిమిది జట్ల బిగ్ టెన్ అనే లీగ్‌లో దానికి పదిహేడో స్థానం ఇచ్చారు. పిల్లల్లో సత్తా లేదని అనేవాళ్లకి నేను సర్వీసంతా చెప్పింది ఇదే, పిల్లల్లో లోపం ఎప్పుడూ ఉండదు. నేను పనిచేసిన ఒక స్కూల్లో పదో తరగతికి నా పీరియడ్ ఏడాదిలో పదిసార్లు కూడా దక్కలేదు. సిలబస్ అవ్వలేదంటూ లెక్కలకి ఇచ్చేసేవారు. కబడ్డీ గీతలకి సున్నం కూడా నా డబ్బుతోనే కొన్నాను. ఆ పిల్లలకి సిగ్నెటీ లాంటివాడు దొరికి, రోజుకో గంట గ్రౌండు దొరికితే ఎక్కడ ఉండేవాళ్లో!

మిషిగన్ తర్వాత ఒహాయో స్టేట్ చేతిలో 38-15తో ఓడారు. వారం తిరిగేసరికి పొరుగు ప్రత్యర్థి పర్డ్యూని 66-0తో చిత్తు చేశారు. ఆ మ్యాచ్‌కి ఇచ్చే బహుమతి కప్పు కాదు, పాత ఓక్ చెక్క బొక్కెన. 1925 నుంచి గెలిచినవాళ్ల అక్షరం దాని గొలుసుకి కడుతూ వస్తున్నారు. ఆ మాట విన్నప్పుడు మా ఊరి బావి గిలక గుర్తొచ్చింది నాకు.

జాతీయ ఛాంపియన్‌ని తేల్చే పన్నెండు జట్ల ప్లేఆఫ్ ఆ ఏడాదే మొదలైంది, ఇండియానాకి చోటు దొరికింది. అప్పటికి మేం ఊరికి వచ్చేశాం. డిసెంబర్ 21 పొద్దున్నే ఆరున్నరకి కాఫీ గ్లాసు పట్టుకుని, అటు అల్లుడు ఫోన్లో ఉండగా చూశాను. నోటర్ డామ్ చేతిలో 27-17. ఒక దశలో 27-3, చివరి రెండు నిమిషాల్లోపే రెండు టచ్‌డౌన్లు చేశారు. ఓడుతున్నామని తెలిసీ అలా ఆడిన పిల్లల్ని చూసి గర్వపడ్డాను. టీవీ పండితులు మాత్రం తేలిక మ్యాచ్‌లు గెలిచి వచ్చారని, అర్హత లేదని తీర్పు చెప్పేశారు.

ఆ సీజన్ మొత్తంలో ఇండియానా ఓడింది రెండే. జనవరి 20న జాతీయ ఫైనల్ ఆడిన రెండు జట్లూ ఎవరంటే ఒహాయో స్టేట్, నోటర్ డామ్. అర్హత లేదన్నవాళ్లు ముందు దీనికి జవాబు చెప్పాలి.