కోడల్ని బతుకమ్మకు తెస్తున్నావట

బిడ్డా,

పెళ్ళయ్యాక మొదటి బతుకమ్మకు కోడల్ని హనుమకొండకు తెస్తున్నావని మీ బాపు చెప్పాడు. సంతోషపడ్డా, వెంటనే టెన్షన్ కూడా పట్టుకుంది. కాజీపేటకు టికెట్లు ఇప్పుడే చేయించుకో, పండుగ ముందు దొరకవు.

నా భయమంతా మెడ గురించి. కోడలు బెంగాలీ పిల్ల, వాళ్ళకు పుస్తెల ఆచారం లేదు. చేతులకు తెల్ల శంఖం గాజులు, ఎర్ర పోలా గాజులు, పాపిట్లో సింధూరం, ఇవే వాళ్ళకు ముత్తైదువ గుర్తులు. పండుగకు ఎర్ర అంచు తెల్ల చీర కడతారు. బోసి మెడ, పైన తెల్ల చీర! మన వాడ ముసలమ్మల నోళ్ళు నీకు తెలియవు.

మీ మలయాళీ చిన్నమ్మ కొత్తగా వచ్చినప్పుడు ఒక పెళ్ళికి జరీ అంచు తెల్ల చీర కట్టుకుంది. వాళ్ళకు శుభకార్యానికి అదే చీర. (మన పెళ్ళిలో మధుపర్కాలూ తెల్లవే, అది మాత్రం ఎవరికీ గుర్తుకురాదు.) ఒకావిడ "ఎవరు పోయారమ్మా?" అని అడిగింది. భాష రాని పిల్ల, నవ్వింది. ఆ నవ్వుకు ఇంకో ఇద్దరు మూతి విరిచారు. మీ చిన్నాయన పక్కనే ఉన్నాడు, అన్నీ విన్నాడు, చెప్పుల వైపు చూస్తూ నిలబడ్డాడు. "వాళ్ళ ఆచారం అంతేనమ్మా" అంటే అయిపోయేది. ఆ ముసలావిడ అడిగినదానికి అర్థం తర్వాత ఎవరో మీ చిన్నమ్మకు చెప్పారు. ఆ చీర మళ్ళీ ఈ ఊళ్ళో కట్టలేదు. ఆ ముసలావిడను ఎప్పుడో మర్చిపోయింది, మొగుణ్ణి మాత్రం మర్చిపోలేదు. ఇప్పటికీ ఓణానికి ఒక్కతే పుట్టింటికి పోతుంది, ఆయన ఇక్కడ వండుకుని తింటాడు. తగిన శాస్తే.

నువ్వు అట్లా నిలబడ్డావో, చెవి మెలిపెడతా. బయలుదేరక ముందే మీ అమ్మకు, పెద్దమ్మకు ఫోన్ చేసి చెప్పు. వచ్చిన పిల్లే సంజాయిషీ ఇచ్చుకోవాల్సిన గతి పట్టించకు.

ఇంకోటి. మన సద్దుల బతుకమ్మ నాడే వాళ్ళకు దుర్గాష్టమి. అమ్మవారికి పుష్పాంజలి ఇచ్చేదాకా ఉపవాసం ఉంటారు. మీ అమ్మేమో పొద్దున్నే పళ్ళెం ముందు పెట్టి "తిను, చిక్కిపోయావు" అంటుంది. ఆ పిల్ల వద్దంటే తన వంట నచ్చలేదని కుములుతుంది. ఇదీ ముందే చెప్పు, విసుక్కోకుండా చెప్పు. అమ్మకు కూడా కొత్తే కదా, పాపం.

తంగేడు, గునుగు పేర్చడం నేను నేర్పిస్తా. వేయి స్తంభాల గుడి దగ్గర ఆటలో నా పక్కనే నిలబెట్టుకుంటా, అడుగు తప్పినా ఫరవాలేదు.

చీర నేను తీస్తా. ఆ పిల్ల కొలత జాకెట్టు ఒకటి ఈ వారమే పంపించు, దసరా ముందు టైలర్లు దొరకరు.

నీ మేనత్త