సంగటి మానేశాక మాంసం పులుసుతోనే కడుపు నింపుకోవడం: కర్నూలు నుంచి నా అనుభవం

అన్నా, మీ ప్రశ్న చదువుతుంటే 2021లో నా పరిస్థితే గుర్తొచ్చింది. షుగర్ బయటపడింది, అన్నం, సంగటి బాగా తగ్గించమన్నారు, మాంసంలో పిండి పదార్థం ఉండదు కదా అని మటన్ పులుసు ఒక్కటే గిన్నెలో పోసుకుని తింటున్నాను, కానీ కడుపులో మంట, గంట తిరక్కముందే మళ్లీ ఆకలి, ఏం చేయాలి, ఇంట్లో వాళ్లకు వేరే వండాలా అని అడిగారు. నేను కూడా సరిగ్గా ఇదే చేశాను, ఇదే మంట పడ్డాను. నాకు అప్పుడు హెచ్‌బీఏ1సీ, అంటే మూడు నెలల షుగర్ సగటు చూపే రక్త పరీక్షలో, 9.1 ఉండింది. ఇప్పుడు వారానికి రెండు సార్లు ఆ పులుసునే కాస్త మార్చి వండుకుంటాను, మంట లేదు, రాత్రి ఎనిమిదికి తింటే పొద్దున దాకా ఆకలి అనిపించదు.

తప్పు మీ కడుపులో లేదు, పులుసులో ఉంది. మన పులుసు ఒంటరిగా తినడానికి చేసింది కాదు. ఉప్పూ పులుపూ లేని అంత పెద్ద సంగటి ముద్దకు సరిపోయేలా ఉప్పు, కారం, చింతపండు వేస్తాం. మా అమ్మ పులుసు రుచి చూసేటప్పుడు కూడా కొంచెం ఉప్పెక్కువ అనిపిస్తేనే "ఆ, ముద్దకు సరిపోతుంది" అనేది. ఆ మాట చిన్నప్పటి నుంచి వింటూనే ఉన్నాను గానీ, దాని అర్థం షుగర్ వచ్చాకే తెలిసింది. ముద్ద తీసేసి అదే పులుసును గిన్నెడు తాగితే కడుపు మండక ఏమవుతుంది. పైగా మన పులుసులో నలుగురికి అరకిలో మాంసమే వేస్తాం, మిగతాది ఎసరు. మనిషికి నాలుగు తునకలు వస్తాయి, ఆకలి తీర్చేది సంగటే. కాబట్టి సంగటి మానేసినప్పుడు పులుసు కూడా మారాలి. ఉప్పూ కారం సగానికి రావాలి, తునకలూ కూరగాయలూ రెండింతలు కావాలి, ఎసరు చిక్కగా ఉండాలి కానీ ఆ చిక్కదనం పిండితో రాకూడదు.

వంట సంగతికి వెళ్లేముందు ఒకటి చెప్పాలి, దయచేసి దాటేయకండి. మీరు షుగర్ మాత్రలు వేసుకుంటున్నా, ఇన్సులిన్ తీసుకుంటున్నా, డాక్టరుకు చెప్పకుండా ఒక్కసారిగా సంగటీ అన్నం మానేయొద్దు. నేను మానేశాను. మాత్ర పాత లెక్కలోనే వేసుకుంటున్నాను, తిండి మాత్రం మారిపోయింది. నాలుగో రోజు సాయంత్రం షాపులో కూర్చున్నవాణ్ణి చెమటలు పట్టి, చేతులు వణికి, ఎదురుగా ఉన్న మనిషి ఏమంటున్నాడో కూడా అర్థం కాలేదు. పక్క షాపతను షుగర్ చూసే మీటరు తెచ్చి చూస్తే 61. మూడు చెంచాల చక్కెర నీళ్లలో కలిపి తాగించారు, పావుగంటకు తేరుకున్నాను. కొన్ని రకాల షుగర్ మాత్రలు మనం తిన్నా తినకపోయినా ఇన్సులిన్ ఊరేలా చేస్తాయి, అందుకే షుగర్ అలా పడిపోతుంది. డాక్టరు మోతాదు తగ్గించాక మళ్లీ అలా కాలేదు. కిడ్నీ సమస్య గానీ, యూరిక్ యాసిడ్‌తో కీళ్లనొప్పులు గానీ ఉంటే, ఇంత మాంసం తినొచ్చో లేదో ముందే అడగండి.

ఇంకో మాట, "రాగి షుగరుకు మంచిదంట కదా, సంగటి ఎందుకు మానడం" అని నాకు చాలామంది చెప్పారు. రాగిలో పీచు ఉంది, కాల్షియం ఉంది, నిజమే. కానీ 100 గ్రాముల రాగిపిండిలో పిండి పదార్థం 70 గ్రాముల దగ్గర ఉంటుంది, బియ్యంలో 78 దాకా. జొన్నపిండి కూడా రాగి దగ్గరే ఉంటుంది, కాబట్టి జొన్నరొట్టె మీద కూడా ఆశ పెట్టుకోవద్దు. పైగా మనం సంగటిలో బియ్యం వేసి ఉడికించాకే పిండి పోస్తాం. మా ఇంట్లో ఒక ముద్దకు పిండి, బియ్యం కలిపి తూకం వేసి చూశాను, 85 గ్రాములు వచ్చింది. అంటే ఒక్క ముద్దతోనే 60 గ్రాముల పైన పిండి పదార్థం, నేను తినేది రెండు ముద్దలు.

ఇక మాంసం. షాపులో "మెత్తటి తునకలు ఇవ్వు" అని అడగకండి, తొడ మాంసం కొట్టిస్తాడు, అది ఎక్కువసేపు ఉడికితే పీచు పీచుగా ఎండిపోతుంది. మీకు కావాల్సింది మెడ, ముందు కాలు, పక్కటెముకలు, రెండు నల్లి ఎముకలు. ఆదివారం జనం ఎక్కువైతే మన మాట వినిపించుకోరు, నేను శనివారం సాయంత్రమే చెప్పి పెట్టుకుంటాను. ఎముక పక్కన తెల్లగా, సాగుతూ ఉండే నరం, పొర ఉంటాయి చూడండి, అందరూ తీసేయమంటారు, మీరు తీయనివ్వొద్దు. సన్నని మంట మీద గంటన్నర, రెండు గంటలు ఉడికితే అదంతా కరిగి ఎసరులో కలుస్తుంది, పెదవులకు అంటుకునే జిగురు దాన్నుంచే వస్తుంది. పుట్నాల పప్పుల పొడి వేసి తెచ్చే చిక్కదనం ఇక్కడ ఎముకే ఇస్తుంది. కిలో ఎనిమిది వందలు దాటిన ఈ రోజుల్లో ప్రతిసారీ కిలో కొనలేం, అప్పుడు అరకిలో మాంసానికి నాలుగు కాళ్లు కలిపి వండుతాను, నిజం చెప్పాలంటే అదే ఇంకా బాగుంటుంది.

మాంసంలో సొరకాయ వేయడం నాకు మా పక్కింటి ఖాలా దగ్గర తెలిసింది. వాళ్లింట్లో దాల్చా చేస్తారు, శనగపప్పు, సొరకాయ, మటన్ కలిపి. కర్నూలు పాతబస్తీ వైపు పెళ్లి భోజనం తిన్నవాళ్లకు చెప్పనక్కర్లేదు. నేను అందులో శనగపప్పు తీసేశాను, సొరకాయ రెండింతలు చేశాను. సొరకాయలో దాదాపు అంతా నీరే, 100 గ్రాములకు పిండి పదార్థం రెండు మూడు గ్రాములకు మించదు, కానీ మాంసం ఎసరును బాగా పీల్చుకుంటుంది. నోట్లో వేసుకుంటే ఆలుగడ్డ లేని లోటు తెలియదు. కాబట్టి ఆలుగడ్డ వేయకండి, అది గిన్నె మొత్తం లెక్కను పాడుచేస్తుంది.

కిలో మాంసం లెక్కన చెప్తాను, ఐదుగురికి సరిపోతుంది. మాంసం కడిగి, నీళ్లు పూర్తిగా వంపేసి, గుడ్డతో ఒత్తి తడి లేకుండా చేయండి. మందపాటి గిన్నెలో రెండు చెంచాల బుడ్డల (వేరుశెనగ) నూనె బాగా కాగాక తునకలు కొన్ని కొన్నిగా వేసి రెండు వైపులా ఎర్రగా కాల్చి తీసేయాలి. అన్నీ ఒకేసారి కుమ్మరిస్తే నీళ్లు ఊరి ఉడుకుతాయే తప్ప కాలవు. నేను మూడు వాయిలుగా చేస్తాను, ఇరవై నిమిషాలు పడుతుంది, ఓపిక పట్టండి, కారం తగ్గించాక రుచి రావాల్సింది ఇక్కడే. అదే గిన్నెలో రెండు ఉల్లిగడ్డలు సన్నగా తరిగి వేయించి, రెండు చెంచాల అల్లం వెల్లుల్లి ముద్ద, పసుపు, రెండు టమోటాలు వేసి నూనె తేలేదాకా మగ్గించండి. రెండు ఉల్లిగడ్డలకు మించొద్దు, చిక్కదనం కోసం ఆరు ఉల్లిగడ్డలు వేసే అలవాటు మనకుంది గానీ వాటిలోనూ చక్కెర ఉంటుంది.

కారానికి బ్యాడిగి మిరప వాడండి. హావేరి వైపు నుంచి వస్తుంది, మన మార్కెట్లో దొరుకుతుంది, ఎర్రటి రంగు ఉంటుంది, ఘాటు తక్కువ. మామూలుగా నాలుగు చెంచాలు వేసే చోట రెండు చాలు. ధనియాల పొడి మాత్రం రెండు చెంచాలు పూర్తిగా వేయండి, చెక్క, లవంగం మీ ఇష్టం. ఉప్పు మొదట ఒక చెంచానే, మిగతాది చివర్లో రుచి చూసి, సంగటిని తలుచుకోకుండా చూడండి. తునకలు తిరిగి గిన్నెలో వేసి, లీటరున్నర వేడి నీళ్లు పోసి, ఒక పొంగు వచ్చాక మంట తగ్గించి మూత పెట్టేయండి. పైన అక్కడొకటి ఇక్కడొకటి బుడగ రావాలి, అంతే. కుతకుతా ఉడికిస్తే మాంసం బిగుసుకుంటుంది. రెండు గంటలు పొయ్యి దగ్గర ఉండలేకపోతే కుక్కరులో ఐదారు విజిల్స్ తర్వాత మంట తగ్గించి పావుగంట ఉంచి, ఆవిరి దానంతట అదే పోయేదాకా ఆగండి. నేను రెండూ చేశాను, కుక్కరులో మెత్తగా అవుతుంది కానీ ఎసరు రుచి గిన్నెలో వండినదే.

మాంసం వేలితో నొక్కితే దిగేటప్పుడు కూరగాయలు. ముందు రెండు ముల్లంగులు, రెండు మునక్కాయలు, పది నిమిషాల తర్వాత అరకిలో సొరకాయ పెద్ద ముక్కలుగా. ఇవన్నీ ఉడికాకే పులుపు. ముందే పులుపు పడితే కూరగాయ ముక్క ఎంతసేపటికీ మెత్తబడదు. చింతపండు బదులు రెండు కట్టల పుంటికూర ఆకు వేయండి, గోంగూర అన్నా అదే. చింతపండులో పులుపుతో పాటు చక్కెర కూడా బాగా ఉంటుంది, 100 గ్రాములకు 60 గ్రాముల పైనే పిండి పదార్థం, నిమ్మకాయంత వేస్తే లెక్కలోకి వస్తుంది. పుంటికూరకు ఆ బాధ లేదు, పైగా ఆకు కరిగి ఎసరు ఇంకాస్త దగ్గరపడుతుంది. చివరగా ఒక గుప్పెడు వేయించిన బుడ్డలు, అరచేతిలో సగం ఎండుకొబ్బరి, ఒక చెంచా గసగసాలు కలిపి నూరి వేసి ఐదు నిమిషాలు ఉడికించి దించండి. పప్పుల పొడి అయితే సగానికి పైగా పిండి పదార్థమే, బుడ్డల్లో కొవ్వు, మాంసకృత్తులు ఎక్కువ, ఆకలి ఆపేది కూడా అదే.

దించిన వెంటనే తినకుండా అరగంట ఆగండి. లోతైన గిన్నెలో తునకలూ ముక్కలూ ముందు వేసుకుని, పైన ఎసరు పోసుకుని, చెంచాతో నిదానంగా తినండి. మొదటి వారం పది రోజులు చేతికి ముద్ద తగలక తిన్నట్టే ఉండదు, అది ఆకలి కాదు, అలవాటు. ఆ రోజుల్లో నేను పక్కన కీరదోస ముక్కలు, ఉడికిన గుడ్డు ఒకటి పెట్టుకునేవాణ్ణి. కాలీఫ్లవర్‌ను అన్నంలా తురిమి తినమని కొందరు చెప్తారు, చేసి చూశాను, పులుసుతో నాకు నచ్చలేదు.

మొత్తం గిన్నెలో పడిన ఉల్లిగడ్డ, టమోటా, సొరకాయ, బుడ్డలు అన్నీ కూడి లెక్కేస్తే పిండి పదార్థం ఉజ్జాయింపుగా 70, 75 గ్రాములు, ఐదుగురికి పంచితే మనిషికి 15 గ్రాములు. రెండు ముద్దల సంగటితో పులుసు తిన్న రోజు రెండు గంటల తర్వాత నా మీటరులో 240 పైన చూపించేది, ఇది తిన్న రోజు 130, 140 మధ్య ఉంటుంది. మీకు ఇవే నంబర్లు రావాలని లేదు, మీ మీటరుతో మీరు రెండు మూడు సార్లు చూసుకోండి, మీ శరీరం సంగతి అప్పుడే తెలుస్తుంది.

మిగిలింది ఫ్రిజ్‌లో పెడితే పొద్దునకు కదిలించినా కదలని ముద్దగా గడ్డకడుతుంది. మొదటిసారి మా అమ్మ చెడిపోయిందనుకుని పారబోయబోయింది. అది చెడిపోవడం కాదు, ఎముకల జిగురు బాగా దిగిందని గుర్తు, వేడి చేస్తే మళ్లీ ఎసరవుతుంది. పైన తెల్లగా పేరుకున్న కొవ్వును నేను చెంచాతో సగం తీసేస్తాను, కొలెస్ట్రాల్ ఎక్కువున్నవాళ్లు మొత్తం తీసేయొచ్చు. కావాల్సినంతే తీసి వేడి చేసుకోండి, గిన్నె మొత్తం పదే పదే వేడి చేస్తే సొరకాయ చితికిపోతుంది.

ఇంట్లో వాళ్లకు వేరే వండాల్సిన పని లేదు. నేను నా గిన్నె ముందు తీసి పక్కన పెట్టుకుంటాను. తర్వాత మా ఆవిడ చిన్న మూకుడులో నూనె కాచి, నాలుగు వెల్లుల్లి రెబ్బలు, కరివేపాకు, రెండు చెంచాల గుంటూరు కారం వేసి, మాడకముందే మిగతా పులుసులో తిరగబోసి, ఇంకో చెంచా ఉప్పు వేస్తుంది. పిల్లలు, అమ్మ దాన్ని సంగటితో తింటారు, వాళ్లకు ఎప్పటి పులుసే. నేను అదే వరుసలో కూర్చుని నాది తింటాను.